ఆమె ఆగిన చోట

ఆ ఆదివారం లైబ్రరీ హాల్లో నేను చేసిన తప్పుకి నన్నెవరూ తిట్టలేదు. పైగా చప్పట్లు కొట్టారు. తొంభై దాటిన ఒక నటి, తాను పదహారేళ్లప్పుడు నటించిన మూకీ సినిమా ముక్క పక్కన నిలబడి, దాని కథ తన మాటల్లో చెబుతూ ఒక చోట ఆగింది. మర్చిపోయింది కాబోలు అనుకున్నాను. మైకు నా చేతిలో ఉంది. ఆమె చెప్పాల్సిన మాట ఆమెకి బదులు నేను చెప్పేశాను.

కిందటి వారం ఆమె కూతురు ఫోన్ చేసింది. మేం మిషిగన్ వదిలి ఫ్రిస్కో వచ్చేశాక ఆ కుటుంబంతో ఎప్పుడో ఒకసారి పలకరింపులే మిగిలాయి. అందుకే నంబర్ చూడగానే సంగతి అర్థమైంది. "అమ్మ తెల్లారి నిద్రలోనే పోయింది. కిటికీ వైపు ఎడమ చెంప పెట్టుకుని పడుకుంది" అని చెప్పి, ఏడుస్తూనే నవ్వింది. నాకూ నవ్వొచ్చింది. ఆమెని ఎరగనివాళ్లకి ఆ నవ్వు అర్థం కాదు.

మిషిగన్‌లోని ఫార్మింగ్టన్ హిల్స్‌లో మా పక్కిల్లు వాళ్లది. అల్లుడు ఒక జపాన్ కార్ల కంపెనీలో పనిచేసి రిటైరయ్యాడు. కూతురు పిల్లలకి పియానో నేర్పేది. ఆ ముసలి నటి ఆ ఇంట్లో కిటికీ పక్క గదిలో ఉండేది. మా వీధిలో పిల్లలు ఆమెని ఒబాచాన్ అని పిలిచేవాళ్లు. వాళ్ల జపాన్ భాషలో అమ్మమ్మ అని.

మొదటిసారి మా ఇంటికి టీకి వచ్చినప్పుడు గుమ్మంలోనే ఆగిపోయింది. లోపలికి రమ్మని మా ఆవిడా నేనూ మార్చి మార్చి పిలిచాం. కదల్లేదు. మోకాళ్ల నొప్పులేమోనని చెయ్యి అందించబోయాను. మేమిద్దరం మాటలాపి తన వైపు చూశాక గానీ ఆమె అడుగు లోపల పెట్టలేదు. తర్వాత తర్వాత తెలిసింది, అది ఆమె అలవాటని. ఎవరూ చూడకుండా ఏ గదిలోకీ వచ్చేది కాదు.

వచ్చాక ఎక్కడ కూర్చోవాలన్నది ఇంకో తతంగం. సోఫా చూపిస్తే తల అడ్డంగా ఊపింది. కిటికీలన్నీ పరకాయించి, డైనింగ్ టేబుల్ దగ్గరి కుర్చీని కొంచెం జరిపించి, వెలుతురు ఎడమ చెంప మీద పడేలా కూర్చుంది.

"నా ఎడమ చెంప నటి. కుడి చెంప ఇల్లాలు. ఇల్లాలిని చూడ్డానికి టికెట్ ఎవరు కొంటారు?" అంది.

ఆమె ఇంగ్లీషు నెమ్మది. వేడి గిన్నె దింపినట్టు ఒక్కో మాటనీ జాగ్రత్తగా దింపేది. మధ్యలో ఆగేది. నాకు ఆ ఆగడం భరించడం కష్టంగా ఉండేది. "మీ ఉద్దేశం స్టూడియోనా?" "అంటే కెమెరామేనా?" అని మాటలు అందిస్తూ ఉండేవాణ్ణి. ఆమె నా వైపు చూసి, నేనిచ్చిన మాట పక్కన పెట్టి, తనకి కావలసిన మాటే వెతుక్కుని చెప్పేది. అయినా నాకు బుద్ధి రాలేదు.

ఆమె మొదలుపెట్టిన రోజుల్లో స్టూడియోలకి అద్దాల కప్పు ఉండేదట. ఎండ ఉంటేనే షూటింగ్. మబ్బు పడితే వేషాలు వేసుకున్నవాళ్లంతా రంగు కారకుండా మెడలు నిక్కించి కూర్చోవాలి. ఆ అలవాటు మిషిగన్‌లో కూడా పోలేదు. పొద్దున్నే కిటికీ తెర తీసి ఆకాశం చూసి, "ఈ రోజు షూటింగ్ లేదు" అని మళ్లీ దుప్పటి కప్పుకునేది. అక్కడ చలికాలమంతా మబ్బే కదా. "నెలయింది, కంపెనీ మూతపడేలా ఉంది" అని మా ఆవిడతో గోడు చెప్పుకునేది.

ఒబాచాన్ మా ఆవిడ కుంకుమ బొట్టు చూసి మొదట్లోనే హెచ్చరించింది. "ఈ ఎరుపు మా కెమెరాలో నల్లగా పడుతుంది. నుదుటి మీద చిల్లు ఉన్నట్టు కనిపిస్తావు." ఆ రోజుల్లో పెదవులకి కూడా ఎరుపు పూస్తే అంతేనట.

మొదటి సినిమాలో ఆమెది చిన్నపిల్ల వేషం. తల్లి వేషం వేసింది మగవాడు. అప్పటికి అక్కడ సినిమాల్లో ఆడవేషాలు చాలావరకు మగవాళ్లవే. అతను షాట్‌కీ షాట్‌కీ మధ్య గడ్డం గీసుకునేవాడట. "అతనే నాకు ఆడదానిలా కూర్చోవడం నేర్పాడు. మా అమ్మ పొలం మనిషి, ఆమెకి రాదు" అంది. నేను ఉత్సాహం పట్టలేక, మా తెనాలి వైపు నాటకాల్లో ఆడవేషాలు వేసే మగవాళ్ల గురించి మా తాత చెప్పిన కబుర్లన్నీ విప్పాను. చాలాసేపు విన్నది. నేను ఆగాక అడిగింది: "తర్వాత ఆడవాళ్లు వచ్చినప్పుడు జనం ఏమన్నారు?" తాత ఆ సంగతి చెప్పలేదు, నేను అడగనూ లేదు. ఆమె తల ఊపింది. "మమ్మల్ని చూసి, ఆ మగవాళ్లంత బాగా ఆడవాళ్లలా లేమన్నారు" అంది.

ఒక రోజు మా ఆవిడ ఉల్లిపాయలు తరుగుతూ కళ్లు తుడుచుకుంటోంది. ఒబాచాన్ దగ్గరికి వెళ్లి పరీక్షగా చూసి, "ఇది పనికిరాదు. ముక్కు కూడా ఏడుస్తోంది" అంది. తర్వాత, మేం అడగకుండానే, ఎలా ఏడవాలో చూపించడానికి మాకు వీపు పెట్టి ఫ్రిజ్ వైపు తిరిగి నిలబడింది. భుజాలు ఎగరలేదు. మెడ కింద ఎక్కడో ఒక చిన్న కదలిక, ఒక పక్కకి ఒరిగినట్టు. అంతే. మా ఆవిడ కత్తి కింద పెట్టేసింది. ఆమె వెనక్కి తిరిగి, "ఇంకో కప్పు టీ ఉందా?" అంది.

ఇక అసలు సంగతికి వస్తాను. మూకీల రోజుల్లో జపాన్ సినిమా హాళ్లలో తెర పక్కన ఒక మనిషి నిలబడేవాడు. బెన్షి అనేవాళ్లు. కథంతా అతనే చెప్పేవాడు, పాత్రలన్నిటి మాటలూ అతనే పలికేవాడు. తండ్రికీ అతనే గొంతు, కూతురికీ అతనే. జనం నటీనటుల పేర్లు కాక అతని పేరు చూసి టికెట్ కొనేవాళ్లట. షూటింగ్‌లో దర్శకులు నటులతో, "పెదాలు కదిలితే చాలు, ఏదో ఒకటి అనండి" అనేవాళ్లు. "ప్రేమ సీన్లో హీరో నాతో చేపల కూర గురించి మాట్లాడాడు. హాల్లో అది చంద్రుడి గురించి అయింది" అని నవ్వేది. ఒక్క సినిమా గురించి మాత్రం నవ్వేది కాదు. "అందులో నేను ఒక మాట నిజంగా అన్నాను. అది ఎవరూ వినలేదు" అనేది. ఏ మాట అని అడిగితే టీ కప్పు వైపు చూసేది.

ఆమె సినిమాలు ఏవీ మిగల్లేదు. యుద్ధంలో కొన్ని, నిర్లక్ష్యం వల్ల మిగతావి పోయాయి. అలాంటిది, జపాన్‌లో ఎవరి ఇంట్లోనో పాత డబ్బాల్లో ఆ ఒక్క సినిమా తాలూకు ముక్క దొరికిందని, దాన్ని డీవీడీ చేసి కూతురికి పంపారు. కొద్ది నిమిషాల ముక్క. తండ్రి పరువు కోసం ఓ ముసలి జమీందారు ఇంటికి వెళ్లిపోవాల్సిన కూతురు గుమ్మం దాటే దృశ్యం.

ఆమె అది చూసిన మర్నాడు మా ఇంటికి వచ్చింది. గుమ్మంలో ఆగకుండా నేరుగా లోపలికి వచ్చేసింది. "నువ్వు మీవాళ్ల ఫంక్షన్లు చేస్తావు కదా. నాకు ఒక హాలు కావాలి. జనం కావాలి. దీనికి బెన్షిని నేనే. ఒక్కసారి, నా మాట నా నోటితో చెప్పాలి. ఇంకో చలికాలానికి ఉంటానో లేదో" అంది.

ఆమె నన్ను అడగడానికి కారణం ఉంది. తెలుగు సంఘం వాళ్ల ఏ కార్యక్రమానికైనా యాంకర్ని నేనే. నా స్నేహితుడు ఒకడున్నాడు, వరంగల్ వాడు, నన్ను మైకాసురుడు అంటాడు. స్టేజీ మీద ఒక్క క్షణం నిశ్శబ్దం వచ్చినా నాకు ఒళ్లు చల్లబడుతుంది. పద్యం చెప్పే పిల్ల తడబడితే నేను అందిస్తాను. ముఖ్య అతిథి నీళ్లు తాగితే ఆ గుటకల మధ్య ఒక జోకు వేస్తాను. అది నా గొప్ప అనుకునేవాణ్ణి. పైగా అది కార్ల కంపెనీలు కుదేలైన చలికాలం. మా ఆఫీసులో సగం క్యూబికల్స్ ఖాళీ. మీటింగుల్లో నా మాట వినే నాథుడు లేడు. వారమంతా నోరు మూసుకుని తిరిగేవాడికి ఆదివారం మైకు దొరికింది. ఇది సాకు కాదు. అప్పుడు నేనెలా ఉన్నానో చెబుతున్నాను, అంతే.

లైబ్రరీ వాళ్లు సంతోషంగా హాలు ఇచ్చారు. జనం బాగానే వచ్చారు. ఆమె బూడిదరంగు కిమోనోలో, తెరకి కుడివైపున నిలబడింది, ఎడమ చెంప జనానికి కనిపించేలా. నేను పరిచయం చేశాను. అవసరానికి మించి చేశాను. బొమ్మ మొదలైంది. ఆమె చిన్న గొంతుతో, నెమ్మదిగా చెప్పుకుంటూ పోయింది. ఇది తండ్రి. ఇది మంచు, నిజం మంచు కాదు, కాగితం. ఇది నేను. తెర మీద పిల్ల గుమ్మం దాకా వచ్చింది, ద్వారబంధం మీద చెయ్యి వేసింది, వెనక్కి తిరిగింది.

ఆమె ఆగింది.

హాల్లో ఎవరో దగ్గారు. కుర్చీ ఒకటి కిర్రుమంది. నాకు ఒళ్లు చల్లబడింది. డీవీడీతో వచ్చిన కరపత్రంలో కథ చదివి ఉన్నాను కదా, మైకు ఎత్తి, గొంతులో తడి నింపి, "నాన్నా, మీ పరువు కోసం నేను సంతోషంగా వెళ్తున్నాను. నన్ను ఆశీర్వదించండి!" అన్నాను. తెర మీద పిల్ల పెదవులు అప్పుడే కదిలాయి. నా వాక్యం పూర్తయ్యేసరికి ఆ పిల్ల గుమ్మం దాటిపోయింది. బొమ్మ అయిపోయింది. లైట్లు వేశారు. చప్పట్లు. ఆమె నడుము వంచి అందరికీ నమస్కరించింది. తర్వాత నాక్కూడా.

కార్లో ఇంటికి బయల్దేరాం, పక్కన మా ఆవిడ.

"బాగా వచ్చింది కదూ?" అన్నాను.

"ఆవిడ ఆగింది మర్చిపోయి కాదండీ."

"మరి?"

"తెర వైపు చూస్తోంది. ఆ పిల్ల నోరు తెరిచేదాకా ఆగింది. హాల్లో అందరూ చూశారు, మీరు తప్ప."

"మరి అంతసేపు నిశ్శబ్దంగా ఉంటే జనం..."

"ఎంతసేపండీ? మీరు ఊపిరి తీసుకునేంతసేపు కూడా లేదు." సీటు బెల్టు సర్దుకుని, "ఇంట్లో నన్నూ అంతే చేస్తారు. నాకంటే అలవాటైపోయింది. ఆవిడకి ఎందుకు అలవాటవ్వాలి?" అంది.



మర్నాడు సాయంత్రం వాళ్లింటికి వెళ్లాను. ఆమె కిటికీ పక్కన కూర్చుని ఉంది. నేను మొదలుపెట్టాను. నా ఉద్దేశం మంచిదే అన్నాను, అలవాటు అన్నాను, ఆఫీసులో పరిస్థితులు అన్నాను, చిన్నప్పటి నుంచీ నాకు ఇలాగే అన్నాను. ఆమె చెయ్యి పైకెత్తింది.

"నువ్వు క్షమాపణ కూడా మైకులో చెబుతావు" అంది.

ఆ గది గుమ్మంలో కూతురు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. నేను నోరు మూసుకున్నాను. ఆమె తొందరపడలేదు. ఒక్కో మాటే దింపుతూ చెప్పింది.

"నీ గొంతు బాగుంది. ఆ రోజుల్లో అయితే నీకు నాకంటే పెద్ద జీతం ఇచ్చేవాళ్లు. ఆ సినిమా విడుదలైనప్పుడు మా అమ్మతో కలిసి హాలుకి వెళ్లాను. పేరున్న బెన్షి. ఆ సీన్ రాగానే, నిన్న నువ్వన్నదే అన్నాడు. సంతోషంగా వెళ్తున్నానని. హాలంతా ఏడ్చింది. మా అమ్మ కూడా ఏడ్చింది. ఇంటికి వస్తూ, నువ్వెంత మంచి కూతురివే అంది. నేను అది అనలేదమ్మా అని చెప్పలేకపోయాను."

"మరి మీరు ఏమన్నారు?" అని అడిగాను.

"అది చెప్పడానికే లైబ్రరీకి వచ్చాను."

లేచేటప్పుడు, "మళ్లీ ఒక షో పెడతాను. మా బేస్‌మెంట్‌లో. నేను మాట్లాడను" అని మాత్రం అన్నాను.

"మీ ఇంట్లో మీవాళ్ల ముందా? వాళ్లు నేనేం చెప్పినా మెచ్చుకుంటారు. నాకు టికెట్ కొన్న మొహాలు కావాలి" అంది. కూతురు, "అమ్మా, డాక్టర్ నిన్ను బయట తిరగొద్దన్నాడు" అంటే, "పక్కింటికి వెళ్లడం తిరగడమా?" అని ఆమెని కసిరింది. ఒప్పుకున్నట్టేనని నాకు అర్థమైంది. ఆ వారమే ఆమెకి దగ్గు పెరిగింది. గొంతు పూడుకుపోతుందేమోనని ఆమెకి భయం. నా భయం కూడా అదే. రోజూ ఆఫీసు నుంచి రాగానే కూతుర్ని అడిగేవాణ్ణి. మిరియాల పాలు పంపితే తాగి, "ఇది మందు కాదు, శిక్ష" అని కబురు పెట్టింది. కానీ గ్లాసు ఖాళీగా తిరిగి వచ్చింది.

మా బేస్‌మెంట్‌లో ప్రొజెక్టర్, కుర్చీలు ఉన్నాయి. ఆదివారాలు తెలుగువాళ్లం కొత్త సినిమాలు వేసుకునేవాళ్లం. ఆ ఆదివారం కొత్త సినిమా లేదని, బదులు ఇది ఉందని అందరికీ ఫోన్ చేశాను. పాటలు లేవా, ఫైట్లు లేవా అని అడిగారు. మాటలు కూడా లేవని చెప్పాను. టికెట్ ఏమిటంటే, ప్రతి ఇంటివాళ్లూ చేత్తో చేసిన వంటకం ఒకటి తేవాలి, అది గుమ్మంలో ఒబాచాన్ చేతికే ఇవ్వాలి. ఇవ్వనివాళ్లకి ప్రవేశం లేదు.

వరంగల్ స్నేహితుడు సర్వపిండి తెచ్చాడు. మెట్ల దగ్గర నన్ను ఆపి, "అన్నా, మైకు లేకుండ గంటసేపు కూసుంటవా? నాకైతే నమ్మకం లేదు. నోటికి ప్లాస్టర్ తెచ్చిన, కావాల్నా?" అన్నాడు.

"ఇవ్వు, అవసరం పడొచ్చు" అన్నాను.

ఆమె మెట్ల కింద కుర్చీలో కూర్చుని ప్రతివాళ్ల డబ్బా మూత తీసి, వాసన చూసి లోపలికి వదిలింది. గారెలు తెచ్చినావిడని మాత్రం ఒకటి తిన్నాక వదిలింది. వచ్చినవాళ్లలో ఆ నెలే ఉద్యోగాలు పోయినవాళ్లు ఇద్దరున్నారు. హెచ్-వన్ వీసా మీద ఉన్న, ఉద్యోగం పోతే దేశం వదలాల్సిన ఒకతను ఎవరితోనూ మాట్లాడకుండా వెనక గోడకి ఆనుకుని నిలబడ్డాడు. నేను ప్రొజెక్టర్ పక్కన నేల మీద కూర్చున్నాను. పరిచయం చేయలేదు. చేయకపోతే జనానికి ఏం అర్థమవుతుందని నాలిక కొసదాకా వచ్చింది. మా ఆవిడ అటువైపు నుంచి చూస్తోంది.

అందరూ సర్దుకున్నాక ఆమె లేచింది. కూతురు పట్టుకోబోతే వద్దంది. గదిలో ప్రతి ఒక్కరూ తన వైపు చూసేదాకా ఆగి, గోడ పక్కకి నడిచింది. తల ఊపింది. నేను మీట నొక్కాను.

ఇది తండ్రి. ఇది కాగితం మంచు. ఇది నేను. దగ్గు వచ్చింది, ఆపుకుంది. పిల్ల గుమ్మం దాకా వచ్చింది. ద్వారబంధం మీద చెయ్యి వేసింది. వెనక్కి తిరిగింది.

ఆమె ఆగింది. నేను నా రెండు చేతులూ మోకాళ్ల కింద పెట్టుకున్నాను. ఇంత పొడుగాటి నిశ్శబ్దం నేనెన్నడూ ఎరగను. గోడ మీద పదహారేళ్ల పిల్ల పెదవులు విడివడ్డాయి, సరిగ్గా అప్పుడే పక్కన తొంభై ఏళ్ల గొంతు పలికింది.

"ఇకిమాసెన్."

పెదవులూ గొంతూ కలిసిపోయాయి. మాట ఆ పిల్ల నోటిలోంచే వచ్చినట్టుంది. తర్వాత పిల్ల గుమ్మం దాటింది, గోడ తెల్లబడింది.

మావాళ్లెవరికీ జపాన్ భాష రాదు. అలవాటు ప్రకారం తలలన్నీ నా వైపు తిరిగాయి. "ఏమన్నది అన్నా?" అన్నాడు స్నేహితుడు. నాకూ తెలీదు. తెలిసినా ఏం చేసేవాణ్ణో నమ్మకంగా చెప్పలేను.

"ఆవిడనే అడుగు" అన్నాను.

ఆమె నవ్వింది. ఈసారి ఇంగ్లీషులో, ఏ మాటకీ ఆగకుండా చెప్పింది. "వెళ్లను అన్నాను. మా దర్శకుడు ఏదో ఒకటి అనమన్నాడు. నేను అది అన్నాను. అనగానే ఏడుపొచ్చింది. ఏడుపు బాగుందని అతను మెచ్చుకున్నాడు. కథలో ఆ పిల్ల వెళ్లిపోయింది. నేను మాత్రం వెళ్లనన్నాను."

వెనక గోడకి ఆనుకున్న కుర్రాడు మొదట చప్పట్లు కొట్టాడు. తర్వాత అందరూ. గారెలావిడ కళ్లు తుడుచుకుంటోంది, ముక్కు కూడా. ఒబాచాన్ నడుము వంచి నమస్కరించలేదు. కుర్చీలో కూర్చుని, ఊపిరి కూడదీసుకుని, నా వైపు చూసింది.

"మళ్లీ వెయ్యి" అంది. "ఇంకా గట్టిగా చెప్పగలను."

మళ్లీ మొదటి నుంచి వేశాను.